బొబ్బిలి రెండవ యుద్ధం

బొబ్బిలి అనగానే మనకు స్ఫురించేది 1757 జనవరి 24. బుస్సీ ఫిరంగులు, విజయరామరాజు పగ, తాండ్ర పాపారాయుని ప్రతీకారం. జంగం కథల నుండి 1964 నాటి చలనచిత్రం దాకా ఆ కథను మనం చెప్పుకుంటూనే ఉన్నాం. సరిగ్గా నూట ఎనభై ఏళ్ళకు అదే బొబ్బిలిలో మరొక యుద్ధం జరిగింది. అందులో నెత్తురు చిందలేదు. బహుశా అందుకేనేమో, దానిని పాడినవారు లేరు. ఆ యుద్ధానికి రంగమైన శాసనసభా నియోజకవర్గం కూడా వలస పాలనతోనే కాలగర్భంలో కలిసిపోయింది.

1935 నాటి భారత ప్రభుత్వ చట్టం మద్రాసు శాసనసభకు 215 స్థానాలు కేటాయించింది. అవి నేటి నియోజకవర్గాల వంటివి కావు. 146 సాధారణ స్థానాలు (అందులో 30 షెడ్యూల్డు కులాలకు), ముస్లిములకు 28, క్రైస్తవులకు 8, స్త్రీలకు 8, భూస్వాములకు 6, వర్తక పరిశ్రమలకు 6, కార్మికులకు 6, విశ్వవిద్యాలయానికి 1... ఇలా సమాజాన్ని గళ్ళుగళ్ళుగా కోసి పంచిన పటమది. ఓటు అందరిదీ కాదు. ఆస్తి, పన్ను, చదువు వంటి అర్హతలలో ఏదో ఒకటి ఉండాలి. బ్రిటిషు ఇండియా మొత్తం మీద ఓటు దక్కినవారు మూడు కోట్లకు కాస్త పైగా మాత్రమే.

ఆ పటంలో సాధారణ స్థానమైన బొబ్బిలికి 1937లో జస్టిస్ పార్టీ తరపున నిలిచినవారు సాక్షాత్తూ బొబ్బిలి రాజా, శ్వేతాచలపతి రామకృష్ణ రంగారావు. 1932 నవంబరులో మద్రాసు ప్రథమ మంత్రి అయి, 1936లో కొన్ని నెలల విరామం తప్ప ఎన్నికల దాకా ఆ పదవిలో ఉన్నవారాయన. జమీందారుల కోసమే విడిగా ఆరు స్థానాలున్న సభకు ఆయన తన రైతుల ఓటు అడిగి వెళ్ళదలచారు. ప్రత్యర్థి వరాహగిరి వెంకటగిరి. గంజాం జిల్లా బరంపురంలో పుట్టిన న్యాయవాది, 1928 నాటి బెంగాల్ నాగపూర్ రైల్వే సమ్మెకు నాయకుడు. సంస్థానమూ లేదు, దివాణమూ లేదు.

గెలిచినది గిరి.

దీనిని కేవలం కాంగ్రెసు గాలి అని తేల్చివేయడం సులభం. గాలి ఉన్నమాట నిజమే, 215లో 159 స్థానాలు కాంగ్రెసువే. కాని బొబ్బిలిలో ఆ గాలికి స్థానికమైన నిప్పు కూడా తోడైంది. 1802 నాటి శాశ్వత పరిష్కారం తరువాత విశాఖపట్నం జిల్లాలో అధికభాగం జమీందారీయే. 1908 నాటి ఎస్టేటు భూముల చట్టం రైతుకు సాగుహక్కు ఇచ్చినా, శిస్తు భారమూ దివాణపు పెత్తనమూ తొలగలేదు. ఆపైన 1930ల మాంద్యం వచ్చి ధాన్యం ధర పడిపోయింది. అట్టి రోజులలో మంత్రులు నెలకు నాలుగు వేల రూపాయలకు మించి జీతం తీసుకోవడం పత్రికల విమర్శకు గురైంది. మంత్రికి ఐదువందలు చాలునన్నది కాంగ్రెసు మాట.

ఆ సభకు ఓటు వేసే పద్ధతిని కూడా గమనించాలి. చదువురాని ఓటరు కోసం రంగుపెట్టెలు పెట్టారు. కాంగ్రెసుది పసుపుపెట్టె. దివాణం ముందు చేతులు కట్టుకొని నిలిచిన రైతు, తెర వెనుక ఆ చేతితోనే చీటీని ఏ పెట్టెలో వేశాడో రాజుకు తెలియదు. బొబ్బిలి కోట గోడల కంటే ఆ గుడ్డతెర బలమైనదని ఋజువైంది.

అయితే ఈ విజయాన్ని ప్రజాతీర్పు అనడానికి నాకు మనసొప్పదు. ఆ వరుసలో నిలబడగలిగినవారు ఎంతో కొంత భూమో చదువో ఉన్నవారు. ఆ పొలాల్లోనే నాట్లు వేసి కోతలు కోసిన కూలీలలో ఎక్కువమందికి ఆ తెర వెనుకకు వెళ్ళే అర్హతే లేదు. రాజును ఓడించినది రైతు. కూలీ వంతు ఇంకా రాలేదు.

తరువాతి కథ క్లుప్తం. 1937 జూలైలో రాజాజీ మంత్రివర్గం ఏర్పడింది. గిరి కార్మిక, పరిశ్రమల మంత్రి అయ్యారు. ప్రకాశం పంతులు అధ్యక్షతన జమీందారీ విచారణ సంఘం ఏర్పడి 1938లో నివేదిక ఇచ్చింది. అది చట్టం కాకముందే, 1939లో యుద్ధం విషయమై మంత్రివర్గం రాజీనామా చేసింది. జమీందారీ రద్దు చట్టం కోసం రైతు 1948 దాకా వేచి ఉండవలసి వచ్చింది. గిరి 1969లో రాష్ట్రపతి అయ్యారు.

1952లో వయోజన ఓటుతో ఆ పాత గళ్ళ పటం చెరిగిపోయింది. బొబ్బిలి పేరుతో నియోజకవర్గం నేటికీ ఉంది, కాని అది వేరు. అక్కడ కూలీకీ ఓటుంది. అదే రాజవంశానికి చెందిన సుజయ కృష్ణ రంగారావు 2004, 2009, 2014లలో వరుసగా అక్కడ గెలిచారు. దీనిని చరిత్ర వెక్కిరింత అనేవారుంటారు. నాకలా తోచదు. 1937లో రాజు తన ఊరిలోనే ఓటు అడగవలసి వచ్చింది, అడిగి ఓడిపోయాడు. ఆనాటి నుండి కోటలో పుట్టినవారికైనా అడగక తప్పడం లేదు. మొదటి యుద్ధంలో కోట కూలింది. రెండవ యుద్ధంలో కోట నిలిచే ఉంది, కాని దాని తలుపు బయటి నుండి తట్టవచ్చునని ఊరికి తెలిసింది.