ఇటలీ బాటలపై సైకిలు యాత్రలు

ఇటలీ దేశపటమును చూచినచో అది మధ్యధరా సముద్రములోనికి చాచిన బూటుకాలువలె కన్పట్టును. ఉత్తరమున ఆల్ప్స్ పర్వతములు గోడవలె నిలిచియున్నవి. వాటి దిగువ పో నది మైదానము బల్లపరుపుగా పరచుకొని యున్నది. అక్కడినుండి దక్షిణాగ్రము వరకు అపెనైన్ పర్వతశ్రేణి దేశమునకు వెన్నెముకవలె సాగును. ఈ వెన్నెముకకు ఇరుప్రక్కల కొండలు, లోయలు, ద్రాక్షతోటలు, ఓలివు తోటలు కలవు. వాటి కావల సముద్రతీరము.

నేడు వసంత, శరదృతువులలో అనేక దేశముల యాత్రికులు చిన్న చిన్న జట్లుగా ఒక మార్గదర్శి వెంట సైకిళ్ళపై ఈ ప్రదేశములను చూచుచుందురు. వారి సామానులు ఒక వ్యానులో ముందుగా పోవును. ఏ బాటలో మోటారు వాహనములు తక్కువ, ఏ మలుపు తరువాత ఎత్తు ప్రారంభమగును, మంచినీరు ఎచ్చట దొరకును అను విషయములన్నియు మార్గదర్శికి తెలిసియుండును. ఈ తెలివిడి ఒక్కనాట వచ్చినది కాదు. దీనిని కూడబెట్టుటకు నూరేండ్లకు పైగా పట్టినది. దాని చరిత్రలో యంత్రశాస్త్రము, భూగోళము, రాజకీయము మూడును పెనవేసికొని యున్నవి.

గాలి నింపిన చక్రము

1870 ఫిబ్రవరి 2వ తేదీన ఫ్లారెన్సు నగరమునుండి పిస్టోయా పట్టణమునకు ఒక పందెము జరిగెను. ఇటలీలో ఒక ఊరినుండి మరియొక ఊరికి జరిగిన తొలి సైకిలు పందెములలో ఇది ప్రసిద్ధమైనది. ఆనాటి యంత్రములో పెడళ్ళు ముందు చక్రపు ఇరుసునకే బిగింపబడి యుండెడివి. కావున పెడలు ఒక చుట్టు తిరిగినచో చక్రమును ఒక చుట్టే తిరుగును. చక్రములకు గాలి గొట్టములు లేవు. రాళ్ళబాటపై ప్రతి కుదుపును ఎముకలకు తగిలెడిది.

1885లో ఇంగ్లండులో జాన్ కెంప్ స్టార్లీ తయారుచేసిన రోవర్ సైకిలు ఈ స్థితిని మార్చెను. రెండు చక్రములు ఇంచుమించు సమానముగా నుండుట, గొలుసు ద్వారా వెనుక చక్రము తిరుగుట దీని విశేషములు. 1888లో జాన్ బాయ్డ్ డన్‌లప్ సైకిలుకు అనువైన, గాలి నింపిన రబ్బరు టైరును రూపొందించెను. రోవర్ వెలువడిన 1885లోనే మిలాన్ నగరములో ఎడ్వార్డో బియాంకి తన చిన్న కర్మాగారమును ప్రారంభించెను. కొలది సంవత్సరములలో గాలి టైర్లు ఇటలీకిని వచ్చెను. దూరప్రయాణము చేయగల సైకిలు సిద్ధమైనది. ఇక కావలసినది బాటను గూర్చిన జ్ఞానము.

ఏబదియేడుగురి సంఘము

1894 నవంబరు 8వ తేదీన మిలాన్‌లో 57 మంది సైకిలు ప్రియులు చేరి ఇటలీ సైకిలు యాత్రికుల సంఘమును స్థాపించిరి. దానిపేరు టూరింగ్ క్లబ్ చిక్లిస్టికో ఇటాలియానో. ఫెడెరికో జాన్సన్ మొదటి అధ్యక్షుడు. స్థాపకులలో లుయీజీ విట్టోరియో బెర్టరెల్లి ముఖ్యుడు. ఇతడు 1897లో దక్షిణ ఇటలీలో రెజ్జో కలాబ్రియానుండి ఎబోలి వరకు సైకిలుపై ప్రయాణించి, తాను చూచినదానిని గ్రంథస్థము చేసెను.

ఆ రోజులలో ఇటలీ ఒకే రాజ్యముగా ఏర్పడి నాలుగు దశాబ్దములైనను కాలేదు. ఉత్తరాదివారికి దక్షిణ ప్రాంతము పరదేశమువలె నుండెడిది. బాటలకు గుర్తుపలకలు అరుదు. పటములు సైన్యమునకై తయారైనవేగాని సామాన్యునకు అనుకూలమైనవి కావు. బండిలో పోవువానికంటె సైకిలు తొక్కువానికి బాట వివరములు ఎక్కువ అవసరము. ఏలయన ఎత్తును ఎక్కవలసినది వాని కాళ్ళే. అందుచే ఈ సంఘమువారు బాటల దూరములు, ఎత్తుపల్లములు, ప్రమాదకరమైన దిగుడులు, బసలు మున్నగు వివరములను సేకరించి ముద్రించిరి. దారి పొడవున హెచ్చరిక పలకలను, ఊరిపేరు పలకలను నాటించిరి. 1900లో తమ సంఘము పేరునుండి సైకిలు పదమును తొలగించి, యాత్రికులందరికిని సేవచేయు సంస్థగా దానిని మార్చుకొనిరి.

1906లో వీరు 1 : 2,50,000 ప్రమాణముతో ఇటలీ పటమును తయారుచేయ మొదలిడిరి. ఈ ప్రమాణములో పటముమీది 1 సెంటీమీటరు నేలమీది 2.5 కిలోమీటర్లకు సమానము. 1914నుండి ఇటలీ మార్గదర్శక గ్రంథమాలను వెలువరించిరి. ఒకప్పుడు సైన్యాధికారులకును ధనికులకును మాత్రమే లభ్యమగు బాటల జ్ఞానము ఈ విధముగా గుమాస్తా చేతికిని, ఉపాధ్యాయుని చేతికిని వచ్చినది.

ప్రభుత్వము భయపడిన వాహనము

సామాన్యుడు తన ఇష్టమువచ్చినచోటికి పోగలుగుట అందరికిని రుచింపలేదు. 1897లో ఇటలీ ప్రభుత్వము సైకిళ్ళపై పన్ను విధించెను. మరుసటి సంవత్సరము, 1898 మే నెలలో, రొట్టె ధర పెరుగుటచే మిలాన్‌లో ప్రజలు అలజడి చేసిరి. జనరల్ బావా బెక్కారిస్ వారిపై ఫిరంగులు ప్రయోగింపగా పలువురు మరణించిరి. ఆ సందర్భముననే మిలాన్ మండలమంతటను సైకిళ్ళు తిరుగరాదని అతడు శాసించెను. గుఱ్ఱమును మేపవలసిన పనిలేక, రైలు టిక్కెట్టు కొనవలసిన పనిలేక, ఒక వార్తను ఊరూర వ్యాపింపజేయగల సాధనమది. ఆ నిషేధమునకు కారణమిదియే.

తరువాత ముస్సోలినీ పాలనలో, 1937లో, యాత్రికుల సంఘపు పేరును బలవంతముగా మార్పించిరి. పేరులోని టూరింగ్, క్లబ్ అను పదములు విదేశీయములని ఆక్షేపణ. యుద్ధానంతరము సంఘము తన పాతపేరును తిరిగి పొందెను.

ఎత్తుబాట లెక్క

ఇటలీ గ్రామసీమలలో సైకిలు తొక్కువానికి ప్రధానశత్రువు గురుత్వాకర్షణ. విద్యార్థులు ఈ లెక్కను తామే చేసి చూడవచ్చును. మనిషి, సైకిలు కలిసి 85 కిలోగ్రాములనుకొందము. బాట ప్రతి 100 మీటర్లకు 8 మీటర్లు లేచుచున్నది. గంటకు 9 కిలోమీటర్ల వేగమనగా సెకనుకు 2.5 మీటర్లు. అప్పుడు సెకనుకు 0.2 మీటరు ఎత్తు ఎక్కవలెను. 85ను 9.8తోను, 0.2తోను గుణించినచో సుమారు 167 వాట్లు వచ్చును. గాలి నిరోధము, రాపిడి దీనికి అదనము. అలవాటులేని మనిషి ఇంతటి సామర్థ్యమును గంటసేపు చూపజాలడు. వేగమును గంటకు 6 కిలోమీటర్లకు తగ్గించినచో 111 వాట్లు చాలును.

కాని నెమ్మదిగా పోవుటలో మరియొక చిక్కు కలదు. పెడలు వద్ద 48 పండ్ల చక్రము, వెనుక 16 పండ్ల చక్రము ఉన్నచో పెడలు ఒకసారి తిరిగిన వెనుక చక్రము మూడుసార్లు తిరుగును. చక్రపు చుట్టుకొలత 2.1 మీటర్లైనచో సైకిలు 6.3 మీటర్లు పోవును. గంటకు 6 కిలోమీటర్లనగా నిమిషమునకు 100 మీటర్లు. కావున పెడళ్ళు నిమిషమునకు సుమారు 16 చుట్లే తిరుగును. ప్రతి చుట్టుకును కాలు మిక్కిలి బలముతో త్రొక్కవలెను. రెండు చక్రములకును 32 పండ్లే ఉన్నచో నిమిషమునకు 48 చుట్లు తిరుగును. కావలసిన బలము మూడవవంతు మాత్రమే. చేసిన పని మారలేదు. దానిని చిన్న చిన్న వాయిదాలుగా చెల్లించితిమి, అంతియే.

పందెగాండ్రకు చాలకాలము ఈ సౌకర్యము లభింపలేదు. 1909లో మొదటి ఇటలీ ప్రదక్షిణ పందెము మిలాన్‌నుండి బయలుదేరి 8 దశలలో సుమారు 2,450 కిలోమీటర్లు సాగెను. బయలుదేరిన 127 మందిలో గమ్యము చేరినవారు 49 మంది. గెలిచిన లుయీజీ గన్నా పూర్వము తాపీపని చేసినవాడు. ఆ కాలమున వెనుక చక్రమునకు ఇరువైపుల వేర్వేరు పండ్ల చక్రము లుండెడివి. ఎత్తు వచ్చినప్పుడు దిగి, చక్రమును ఊడదీసి, త్రిప్పి బిగించుకొనవలెను. 1927లో మంచుపడుచున్న ఒక కనుమపై తుల్లియో కంపన్యోలో అను పందెగాడు వ్రేళ్ళు కొంకర్లు పోయి నట్లు విప్పలేకపోయెననియు, ఆ కష్టమే చక్రమును క్షణములో విప్పగల మీటను కనుగొనుటకు అతనిని పురికొల్పెననియు ఒక కథ ప్రచారములో నున్నది. 1933లో అతడు విచెంజా నగరములో తన సంస్థను స్థాపించెను. గొలుసును ఒక పండ్ల చక్రమునుండి మరియొకదానికి మార్చు డిరైలరు సాధనమును మాత్రము పందెగాండ్రకంటె ముందు యాత్రికులే ఆదరించిరి. ఫ్రాన్సు దేశపు ప్రసిద్ధ పందెములో దానికి అనుమతి లభించినది 1937లోనే.

గొట్టములో కాగితములు

ఫ్లారెన్సు సమీపమున 1914లో జన్మించిన జీనో బార్టలి ఇటలీ పందెమును మూడుమారులు, ఫ్రాన్సు పందెమును రెండుమారులు గెలిచిన మేటి. 1943, 1944 సంవత్సరములలో జర్మను సైన్యము ఆక్రమించిన ఇటలీలో యూదులను పట్టి చంపుచుండిరి. ఫ్లారెన్సు కార్డినల్ ఎలియా డల్లా కోస్టా వారిని రక్షించుటకు ఒక రహస్య ఏర్పాటు చేసెను. అభ్యాసము చేయుచున్నట్లు నటించుచు బార్టలి ఫ్లారెన్సు, అస్సీసీ పట్టణముల మధ్య, సైకిలు గొట్టములలో దొంగ గుర్తింపు కాగితములను దాచి చేరవేసెనని నాటివారి సాక్ష్యము. కొన్ని వివరములపై చరిత్రకారులలో భేదాభిప్రాయములు కలవు. జెరూసలేములోని యాద్ వషేం సంస్థ 2013లో అతనిని మరణానంతరము గౌరవించెను. ఈ కార్యమును గూర్చి అతడు బ్రతికియున్నంతకాలము బహిరంగముగా చెప్పుకొనుటకు ఇష్టపడలేదు. 1898లో సేనాని భయపడిన గుణమే 1943లో ప్రాణరక్షణకు ఉపకరించినది.

పాతబాటలకు క్రొత్తజీవము

యుద్ధానంతరము స్కూటర్లు, కార్లు పెరిగి ఇటలీలో సైకిలు వెనుకబడెను. మట్టిబాటలు తారు పూతతో కప్పబడెను. టస్కనీ ప్రాంతపు తెల్లని కంకరబాటలను కాపాడవలెనను ఉద్దేశముతో 1997లో గయోలే గ్రామమున ఎరోయికా అను సైకిలు ఉత్సవము ప్రారంభమైనది. అందు పాతకాలపు సైకిళ్ళనే అనుమతింతురు.

లిగూరియా తీరములో 1872నాటి రైలుమార్గము సముద్రమునకు ఆనుకొని పోయెడిది. 2001లో రైలును లోపలి సొరంగములకు మార్చగా, ఖాళీయైన ఆ కట్టపై సుమారు 24 కిలోమీటర్ల సైకిలు బాటను నిర్మించిరి. రైలు నిటారుగా ఎక్కజాలదు; కావున రైలుకట్ట ఏటవాలు ఎంతయో స్వల్పము. ఆ సొరంగములగుండ, అలల ప్రక్కగా, పిల్లలును శ్రమలేక తొక్కుచు పోగలరు. దక్షిణమున పూలియా ప్రాంతమునకు నీటిని తెచ్చు మహాకాలువ వెంటను ఇటువంటి బాటయే రూపొందుచున్నది. బరువుచే ప్రవహించు నీటికి తగిన వాలు సైకిలుకును అనుకూలమే గదా!

నేటి యాత్రలలో విద్యుత్తు మోటారుగల సైకిళ్ళును కలవు. ఐరోపా నియమముల ప్రకారము సాధారణమైన అట్టి మోటారు సామర్థ్యము 250 వాట్లకు మించరాదు. వేగము గంటకు 25 కిలోమీటర్లు చేరగానే దాని సాయము ఆగిపోవలెను. పై లెక్కలోని 167 వాట్లతో దీనిని పోల్చినచో, మోకాళ్ళ నొప్పులున్న వృద్ధుడు కూడ టస్కనీ కొండ నెట్లు ఎక్కగలుగుచున్నాడో బోధపడును.

మార్గదర్శి వెంట పోవు యాత్రికునకు బాట సుగమముగా తోచును. ఆ సుగమత్వము వెనుక దూరములు కొలిచినవారు, పలకలు నాటినవారు, పండ్ల చక్రముల లెక్కలు కట్టినవారు, నిషేధములను సహించినవారు ఎందరో కలరు. బాటను తెలిసికొనుట, తెలిసినదానిని పదిమందికి పంచుట అను ఈ రెండు పనులను 1894లో ఆ 57 మంది చేపట్టిరి. ఆ పని నేటికిని సాగుచునే యున్నది.