మూగచిత్రములు – మారిన స్త్రీ

మన తంబళ్లపల్లె ప్రాంతపు వీధినాటకములలో సీతకైనను, ద్రౌపదికైనను పురుషుడే వేషము కట్టుట చిరకాలపు ఆచారము. సినిమా పుట్టినప్పుడును ఆ ఆచారమే నడచినది. 1913లో ఫాల్కేగారు ‘రాజా హరిశ్చంద్ర’ తీయబూనగా తారామతి పాత్రకు ఏ స్త్రీయు ముందుకు రాలేదు. తుదకు అన్నా సాలుంకే యను యువకుడు చీర కట్టి నటించెను.

తెలుగువారి ప్రయత్నమునందును ఈ చిక్కు తప్పలేదు. బందరున జన్మించిన రఘుపతి వెంకయ్యనాయుడుగారును, వారి కుమారుడు ప్రకాశ్‌గారును చెన్నపట్టణమున 1921–22 ప్రాంతమున ‘భీష్మప్రతిజ్ఞ’ యను మూగచిత్రమును నిర్మించిరి. అందు గంగాదేవిగా నటించినది ఒక ఆంగ్లో-ఇండియను యువతి.

ఆ కాలముననే, 1914–18 నాటి మహాయుద్ధము ముగిసిన పిమ్మట, అమెరికాలో క్రొత్త తరపు యువతులు బయలుదేరిరి. జుట్టు కత్తిరించుకొని, ఉద్యోగము చేసి, తమ సంపాదనతో తాము విహరించు వీరిని ‘ఫ్లాపర్లు’ అనిరి. 1927లో వచ్చిన ‘ఇట్’ అను చిత్రమున క్లారా బో ఒక పెద్ద అంగడిలో సరుకులమ్ము పిల్లగా నటించినది.

ఆ గాలి బొంబాయికిని వీచినది. 1926లో ‘టైపిస్ట్ గర్ల్’ అను మూగచిత్రము వచ్చినది. అందలి నాయిక సులోచన. ఈమె అసలు పేరు రూబీ మైయర్స్, యూదుల బిడ్డ, నటి కాకమునుపు టెలిఫోను ఆఫీసులో పని చేసినది. మరుసటి యేట ‘వైల్డ్‌క్యాట్ ఆఫ్ బాంబే’లో ఈమె యెనిమిది వేషములు ధరించెను. తోటమాలి, పోలీసు, హైదరాబాదు పెద్దమనిషి వానిలోనివే. పురుషుడు తారామతిగా చీర కట్టిన పదునాలుగేండ్లకే స్త్రీ పోలీసు దుస్తులు తొడిగినది!

సినిమాయే ఆడపిల్లలను చెడగొట్టినదని కొందరందురు. కాని టైపు యంత్రమును, టెలిఫోనును సినిమా కనిపెట్టలేదు. మద్రాసు రాష్ట్రమున 1921లో స్త్రీలకు ఓటుహక్కు నిచ్చినదియు, 1929లో బాలికల వివాహమునకు పదునాలుగేండ్ల కనిష్ఠ వయస్సు విధించిన శారదా చట్టమును చేసినదియు సినిమా కాదు. లోకము మారుచుండగా చిత్రము దానిని తెరపై చూపినది. చూపుటలో కొంత పెంచియు చూపినది. అంతియే.

మనము మాత్రము చేసినదేమి? మన యింటి బిడ్డలను పంపక, పరుల బిడ్డలు నటింపగా డబ్బిచ్చి చూచి, ఇంటికి వచ్చి వారినే నిందించితిమి. ఈ న్యాయమును మనమే విచారించుకొనవలెను.

1931లో మాటల చిత్రములు రాగా సులోచన హిందుస్తానీ భాషను పట్టుదలతో అభ్యసించి నిలదొక్కుకొనెను. 1973వ సంవత్సరపు ప్రభుత్వ బహుమానము ఆమెకు లభించినది. దాని పేరు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము. నాడు తారామతి పాత్రకు ఒక్క స్త్రీ దొరకక తిరిగిన ఆ ఫాల్కేగారి పేరిటిదే!