ప్రాగ్ పాతపట్నం: రాజమార్గం నడక

చెక్ రిపబ్లిక్ రాజధాని ప్రాగ్‌లో, వ్ల్తావా నది కుడిగట్టున ఉన్న పాతబస్తీని చెక్ భాషలో ‘స్తారే మ్యెస్తో’ అంటారు. పాతపట్నం అనే దాని అర్థం. దీన్ని గైడు వెంట కాలినడకన చూసేవాళ్లు ఎక్కువగా పట్టే దారికి రాజమార్గమని పేరు. మందుగుండు బురుజు దగ్గర మొదలైన ఈ దారి త్సెలెత్నా వీధి, పాతపట్నం చౌక్, కార్లోవా వీధి మీదుగా వెళ్లి చార్ల్స్ వంతెన దాటుతుంది. అవతలి గట్టున మాలా స్త్రానా ఎత్తు వీధులెక్కి కోటలోని సెయింట్ వైటస్ కెథడ్రల్‌కు చేరుతుంది. అంతా కలిపి సుమారు రెండున్నర కిలోమీటర్లు. గైడుతో వెళితే ఒక పూట ఇట్టే గడిచిపోతుంది.

బొహీమియా రాజులు పట్టాభిషేకానికి ఊరేగింపుగా వెళ్లిన బాట ఇది. 15వ శతాబ్దం నుంచి ఈ ఆనవాయితీ కనిపిస్తుంది. చివరిసారి ఇక్కడ కిరీటం పెట్టుకున్నది అయిదో ఫెర్డినాండ్, 1836లో. అంతకుముందు 1791లో రెండో లియోపోల్డ్ పట్టాభిషేకం కోసం మోజార్ట్ ఒక ఒపెరా కట్టాడు. ఈ దారికి కూతవేటు దూరంలో ఉన్న ఎస్టేట్స్ థియేటర్లో దాన్ని ఆడించారు. రాజులు పోయాక వీధులు యాత్రికుల చేతికొచ్చాయి. ఈ నడకకున్న ప్రత్యేకత ఏమిటంటే, గైడు ఆగే చాలాచోట్ల అసలు చూడాల్సినది ఇప్పుడు అక్కడ ఉండదు. లేనిదాన్ని చూపించగలిగినవాడే ఇక్కడ మంచి గైడు.

పట్నం పుట్టుక సంతతో మొదలైంది. ఇప్పటి చౌక్ దగ్గర సంతకు దూరదేశాల వర్తకులు వచ్చేవారు. వాళ్ల సరుకు మీద సుంకం కట్టించుకోవడానికి, వాళ్లకు బస ఇవ్వడానికి టీన్ చర్చి వెనక ఉంగెల్ట్ అనే గోడల లోగిలి వెలిసింది. ఆ లోగిలి ఇప్పటికీ ఉంది. 13వ శతాబ్దంలో ఊరి చుట్టూ కోటగోడ లేచింది. నది పొంగినప్పుడల్లా ఊళ్లోకి నీళ్లు రావడంతో అదే శతాబ్దంలో వీధుల మట్టాన్ని మట్టితో, రాళ్లతో ఎత్తు చేశారు. దాంతో 12వ శతాబ్దపు ఇళ్ల కింది అంతస్తులు నేలమాళిగలైపోయాయి. ఇవాళ పాతపట్నంలో మెట్లు దిగి భోజనానికి కూర్చుంటే, ఎనిమిది వందల ఏళ్ల కిందట ఎవరో వీధిలోంచి నేరుగా నడిచి వచ్చిన గదిలో కూర్చున్నట్టే. దీపం వెలుతురులో చేత్తో తడిమి చూస్తే, చదరంగా చెక్కిన రాళ్లు వరసలు తప్పకుండా తగులుతాయి. పాతపట్నంలో బాగా పాత గోడలు ఇలా పాదాల కింద ఉన్నాయి.

నడక మొదలయ్యే మందుగుండు బురుజు కథ రాజుగారి బస చుట్టూ తిరుగుతుంది. నాలుగో వాత్స్లవ్ కాలం నుంచి వందేళ్లపాటు రాజులు కోటలో కాక, బురుజు పక్కనున్న రాజభవనంలోనే ఉండేవారు. ఆ భవనానికి తగ్గ ద్వారం కావాలని 1475లో బురుజు మొదలుపెట్టారు. పని సగంలో ఉండగానే రాజు మళ్లీ కోటకు మకాం మార్చాడు. బురుజు మొండిగా మిగిలిపోయి, తరవాత మందుగుండు దాచే కొట్టుగా మారింది. ఆ పేరే నిలిచింది. ఇప్పుడు కనిపించే కోసుగా లేచిన పైకప్పు 19వ శతాబ్దపు మరమ్మతులో వచ్చింది. రాజభవనాన్ని 20వ శతాబ్దం మొదట్లో కూల్చేశారు. ఆ స్థలంలోనే 1905–1912 మధ్య పురజనుల కోసం ఒబెత్స్నీ దూమ్ అనే పురభవనం కట్టారు. 1918 అక్టోబరు 28న చెకోస్లొవాకియా స్వాతంత్ర్య ప్రకటన వెలువడింది అక్కడే. రాజులున్న చోటి నుంచే రాజరికానికి వీడ్కోలు పలికారు.

పాతపట్నం చౌక్‌లో గుంపులన్నీ గడియారం కిందే పోగవుతాయి. 1338లో పౌరులు పురమందిరం పెట్టుకోవడానికి రాజు అనుమతి తెచ్చుకున్నారు. దాని గోడమీద 1410లో ‘ఓర్లోయ్’ అనే ఖగోళ గడియారాన్ని అమర్చారు. ఇప్పటికీ తిరుగుతున్న ఇలాంటి గడియారాల్లో ఇదే పాతది. గంట కొట్టే వేళకు అస్థిపంజరం బొమ్మ ఒక చేత్తో తాడు లాగి గంట మోగిస్తుంది, రెండో చేత్తో ఇసుక గడియారం తిప్పుతుంది. అద్దం చూసుకునే అహంకారి, డబ్బుసంచి పట్టుకున్న పిసినారి, పక్కనున్న తురుష్కుడు ‘మేం రాం’ అన్నట్టు తలలు అడ్డంగా ఊపుతారు. పైన రెండు కిటికీలు తెరుచుకుని, ఏసు పన్నెండుమంది శిష్యుల బొమ్మలు ఒకటొకటిగా తొంగిచూసి వెళ్తాయి. చివర కోడి కూస్తుంది. నిమిషం తిరక్కుండానే ఫోన్లు దించేసి జనం చెదిరిపోతారు.

అసలు విద్య అంతా ఆ బొమ్మల కింద పళ్లెంలో ఉంది. భూమి నడిమధ్యన ఉందనుకున్న కాలపు ఆకాశాన్ని అది చూపిస్తుంది. సూర్యుడు ఏ రాశిలో ఉన్నాడో, చంద్రుడు ఎక్కడున్నాడో, ఏ కళలో ఉన్నాడో దానిమీద చదవొచ్చు. అంచున తిరిగే వలయం మీద పాత లిపిలో ఒకటి నుంచి ఇరవై నాలుగు వరకు అంకెలుంటాయి. అది పాత చెక్ కాలమానం. అందులో రోజు సూర్యాస్తమయంతో మొదలవుతుంది. సూర్యోదయం నుంచి ఘడియలు లెక్కపెట్టే పంచాంగం తెలిసిన తెలుగువారికి ఈ పద్ధతి చప్పున అర్థమవుతుంది. సూర్యుడు అస్తమించే వేళ ఏడాది పొడుగునా మారుతుంటుంది కాబట్టి వలయం కూడా దాని వెంటే జరుగుతూ ఉంటుంది. దీనితోపాటు, పగటిని పన్నెండు సమభాగాలు చేసి ఎండాకాలంలో పొడుగు గంటలుగా, చలికాలంలో పొట్టి గంటలుగా చూపే గీతలూ అదే పళ్లెం మీద ఉన్నాయి.

ఈ గడియారాన్ని హనుష్ అనే పనివాడు చేశాడనీ, మరో ఊరికి ఇలాంటిది చేసిపెట్టకుండా నగర పెద్దలు అతని కళ్లు పొడిపించారనీ, కడకు అతను యంత్రంలో చెయ్యి పెట్టి దాన్ని ఆపేశాడనీ చాలామంది గైడులు చెబుతారు. రచయిత అలోయిస్ యిరాసెక్ 1894లో వేసిన ‘పాత చెక్ గాథలు’ పుస్తకంతో ఈ కథ ఇంటింటికీ పాకింది. కానీ 1410 నాటి పత్రమొకటి 20వ శతాబ్దంలో వెలుగులోకి వచ్చి, గడియారం చేసినవాడు కదాన్ ఊరి మికులాష్ అని తేల్చింది. లెక్కలు కట్టినవాడు విశ్వవిద్యాలయ ఆచార్యుడు యాన్ షిందెల్ అని పరిశోధకులు అంటారు. హనుష్ నిజంగా ఉన్నాడు. అయితే అతను తర్వాతి తరంవాడు, గడియారాన్ని బాగుచేసినవాడు. కథ చెప్పడం తప్పుకాదు. మికులాష్ పేరు చెప్పకుండా కదలడం మాత్రం అన్యాయం.

గడియారం దాటి పురమందిరం తూర్పువైపుకు వస్తే, రాతిపరుపులో 27 తెల్ల సిలువలు కనిపిస్తాయి. 1620 నవంబరు 8న ప్రాగ్ శివార్లలోని తెల్లకొండ దగ్గర హాబ్స్‌బర్గ్ చక్రవర్తి సేనల చేతిలో బొహీమియా తిరుగుబాటు ఓడిపోయింది. 1621 జూన్ 21న తిరుగుబాటు నాయకులు ఇరవై ఏడుగురికి ఇక్కడే వేదిక కట్టి మరణశిక్ష అమలుచేశారు. వారిలో ముగ్గురు ప్రభువులు, ఏడుగురు యోధులు, పదిహేడుమంది పట్నవాసులు. తలారి పేరు యాన్ మిద్లార్ష్. చనిపోయినవారిలో ఒకరు విశ్వవిద్యాలయ అధిపతి, వైద్యుడు యాన్ యెస్సేనియస్. 1600లో ప్రాగ్‌లో మొదటిసారి జనం ముందు శవపరీక్ష చేసి చూపిన మనిషి. తల నరికేముందు ఆయన నాలుక కోసేశారు. పన్నెండు తలల్ని వంతెన బురుజుకు వేలాడదీసి, పదేళ్లు అలాగే ఉంచారు. రోజూ వందలమంది ఈ సిలువల మీదుగా తెలియకుండానే నడిచిపోతుంటారు. గైడు ఇక్కడ గుంపును రెండడుగులు వెనక్కి జరగమని చెప్పాలి.

సిలువల పక్కనే చెట్లున్న ఖాళీజాగా ఉంది. 1945 మే నెలలో ప్రాగ్ పౌరులు జర్మన్ సేనల మీద తిరగబడ్డారు. మే 8న పురమందిరం తగలబడింది. 19వ శతాబ్దంలో కట్టిన పెద్ద విభాగం, అందులోని నగర దస్తావేజులు బూడిదయ్యాయి. దాన్ని మళ్లీ కట్టడానికి ఎన్నో పోటీలు పెట్టినా ఏ నమూనా నెగ్గి నిలబడలేదు. దెబ్బతిన్న గడియారం మాత్రం 1948లో మళ్లీ తిరిగింది. చౌక్ మధ్యలో మరియమాత స్తంభానిది మరో గాథ. స్వీడన్ ముట్టడి నుంచి ఊరు బయటపడ్డందుకు కృతజ్ఞతగా 1650లో దాన్ని ఎత్తారు. మిట్టమధ్యాహ్నం దాని నీడ పడే గీతను బట్టి ఊరు సమయం సరిచూసుకునేది. హాబ్స్‌బర్గ్ పాలనకు గుర్తని 1918 నవంబరు 3న జనం దాన్ని పడగొట్టారు. 2020లో నకలు నిలబెట్టారు. దగ్గర్లోనే, 1915లో ఆవిష్కరించిన మత సంస్కర్త యాన్ హుస్ విగ్రహం ఉంది.

చౌక్‌కు ఉత్తరాన యోసెఫోవ్ అనే యూదుల పేట ఉండేది. ఆరోగ్యం పేరిట 1893లో చట్టం చేసి, ఇరుకు సందుల్ని నేలమట్టం చేసి ప్యారిస్ తరహా వెడల్పు వీధి వేశారు. 13వ శతాబ్దపు సినగాగ్, మరికొన్ని ప్రార్థనా మందిరాలు, పాత శ్మశానం మిగిలాయి. ఈ కూల్చివేతల మీద రచయిత విలేమ్ మ్రిష్టిక్ 1897లో నిప్పులు కురిపిస్తూ కరపత్రం వేశాడు. 1900లో పాత ప్రాగ్ సంరక్షణ సంఘం పుట్టింది. పాతపట్నం ఈ మాత్రం మిగలడంలో ఆ కోపానికి వాటా ఉంది.

చౌక్ నుంచి కార్లోవా వీధి వెంట వెళితే చార్ల్స్ వంతెన వస్తుంది. ఇక్కడ అంతకుముందున్న జూడిత్ వంతెన 1342 వరదలో కొట్టుకుపోయాక, రాజు నాలుగో చార్ల్స్ 1357లో కొత్త వంతెనకు పునాది వేశాడు. పదహారు కమానులతో, అర కిలోమీటరు పైచిలుకు పొడవుతో ఉన్న ఈ కట్టడాన్ని శతాబ్దాలపాటు రాతివంతెన అనే పిలిచారు. చార్ల్స్ పేరు 1870లో వచ్చింది. దీనిమీద కొన్నేళ్లు ట్రాములు కూడా నడిచాయి. పాతపట్నం వైపు బురుజుకు తూర్పు ముఖాన నిండా శిల్పాలుంటే, నది వైపు ముఖం బోసిగా ఉంటుంది. 1648లో స్వీడన్ సైన్యం అవతలి గట్టు నుంచి కాల్చిన దెబ్బలకు అక్కడి శిల్పం రాలిపోయింది. అప్పుడు వంతెనను కాపాడినవారిలో పట్నవాసులతోపాటు విద్యార్థులూ ఉన్నారు. వంతెన మీది ముప్పై విగ్రహ సముదాయాల్లో పాతది 1683 నాటి సెయింట్ యాన్ నెపోముక్ విగ్రహం. దాని కింది కంచు పలకను జనం తాకీ తాకీ అక్కడక్కడ బంగారంలా మెరిసేట్టు చేశారు. వంతెన మీది చాలా విగ్రహాలు ఇప్పుడు నకళ్లే. అసలువి ప్రదర్శనశాలలో ఉన్నాయి.

ఈ దారి యాత్రికుల నడకగా స్థిరపడటం అంచెలంచెలుగా జరిగింది. 19వ శతాబ్దంలో బెడెకర్ యాత్రా చేతిపుస్తకాలు పట్టుకుని వచ్చినవాళ్లు తమంతట తామే తిరిగేవారు. 1920లో చెదోక్ ప్రయాణ సంస్థ ఏర్పడింది. 1971లో నగర కేంద్రాన్ని రక్షిత ప్రాంతంగా ప్రకటించారు. 1980ల్లో రాజమార్గం ఇళ్ల ముఖాలను, రాతిబాటను బాగుచేశారు. 1989లో కమ్యూనిస్టు పాలన పోయాక సరిహద్దులు తెరుచుకుని, జనం వరదలా వచ్చిపడ్డారు. 1992లో నగర కేంద్రం యునెస్కో వారసత్వ జాబితాకెక్కింది. రంగు గొడుగు ఎత్తి పట్టుకుని నడిచే గైడు అప్పటి నుంచి ఈ వీధుల్లో నిత్య దృశ్యం. దాంతో కాపురముండేవాళ్ల నిద్రకు చేటు వచ్చింది. 2024లో నగరం, రాత్రి పది దాటాక గైడు వెంట గుంపులుగా మద్యశాలలు తిరిగే యాత్రలను నిషేధించింది. ఆ పని ఎప్పుడో జరగాల్సింది.

వంతెన దాటి నెరూదోవా వీధి ఎక్కుతుంటే గుమ్మాల పైన మూడు ఫిడేళ్లు, రెండు సూర్యుళ్లు వంటి గుర్తులు కనిపిస్తాయి. 1770లో ఇళ్లకు నంబర్లు రాకముందు చిరునామాలు ఇవే. రెండు సూర్యుళ్ల ఇంట్లో రచయిత యాన్ నెరూదా ఉండేవాడు, వీధికి ఆయన పేరే పెట్టారు. కొండపైన కెథడ్రల్‌లో సెయింట్ వాత్స్లవ్ ప్రార్థనాగదిని గుమ్మం దగ్గర నిలబడి చూడాలి, లోపలికి పోనివ్వరు. ఆ గదిలోని ఒక తలుపు వెనక నాలుగో చార్ల్స్ చేయించిన పట్టాభిషేక కిరీటం ఉంది. తలుపుకు ఏడు తాళాలు. అధ్యక్షుడు, ప్రధానమంత్రి, ఆర్చిబిషప్, పార్లమెంటు ఉభయసభల అధ్యక్షులు, కెథడ్రల్ మతాధికారి, నగర మేయరు తలా ఒక తాళంచెవి దాచుకుంటారు. ఏడుగురూ కలిసి వస్తేనే ఆ తలుపు తెరుచుకుంటుంది.