ఫుడ్ స్టాంపుల కార్డుతో హోటల్ భోజనం.. అమెరికాలో ఎవరికి కుదురుతుంది? కౌంటర్ దగ్గర కార్డు ఎందుకు ఆగిపోతుంది?

రేషన్ కార్డు చూపించి హోటల్లో వేడివేడి భోజనం చేయొచ్చంటే నమ్ముతారా? అమెరికాలో దాదాపు అలాంటి ఏర్పాటే ఒకటుంది. పేరు రెస్టారెంట్ మీల్స్ ప్రోగ్రామ్. కాకపోతే అది దేశమంతటా లేదు.. ఉన్నచోట కూడా అందరికీ వర్తించదు.

అమెరికాలో పేదలకు ప్రభుత్వం తిండి కోసం ఇచ్చే సాయాన్ని ఒకప్పుడు ఫుడ్ స్టాంపులు అనేవారు. 2008లో దాని పేరు స్నాప్‌గా మార్చారు. జనం నోట మాత్రం ఇప్పటికీ పాత పేరే నడుస్తోంది. ప్రతి నెలా డబ్బు ఈబీటీ అనే కార్డులో పడుతుంది. 2024 ఆర్థిక సంవత్సరంలో నెలకు సగటున సుమారు 4.17 కోట్ల మంది ఈ సాయం అందుకున్నారు.

ఈ డబ్బుతో బియ్యం, పాలు, కూరగాయలు, మాంసం కొనుక్కోవచ్చు. మద్యం, సిగరెట్లు, సబ్బులు కుదరవు. వీటితో పాటు ఇంకో వింత నిబంధన ఉంది. వేడిగా అమ్మే ఆహారం ఏదీ కొనకూడదు. సూపర్ మార్కెట్లో వేడి పెట్టెలో పెట్టిన కాల్చిన కోడికి ఈ కార్డు పనిచేయదు. అదే కోడిని చల్లార్చి ఫ్రిజ్‌లో పెట్టి అమ్మితే పనిచేస్తుంది! కాల్చని పిజ్జా కొని ఇంట్లో కాల్చుకోవచ్చు గానీ, కాల్చిన పిజ్జా కొనడానికి లేదు. తుపానులు, కార్చిచ్చులు వచ్చి ఇళ్లు పోయినప్పుడు మాత్రం ఆ ప్రాంతాల్లో ఈ నిబంధనను కొన్నాళ్లు సడలిస్తుంటారు.

అంటే సరుకులు ఇస్తాం, వండుకోండి అన్నది లెక్క. మరి వంటిల్లే లేనివాళ్ల సంగతేంటి? కారులో పడుకునే మనిషి పచ్చి బియ్యం ఏం చేసుకుంటాడు? నిలబడి వండే ఓపిక లేని పెద్దావిడకు మాంసం, కూరగాయలు కొనిస్తే ఏం లాభం? హోటల్ భోజనానికి మినహాయింపు పెట్టింది వీళ్ల కోసమే.

ఎవరికి వర్తిస్తుంది?

60 ఏళ్లు దాటినవాళ్లు, వైకల్యం కారణంగా ప్రభుత్వ సాయం అందుకుంటున్నవాళ్లు, ఇల్లు లేనివాళ్లు.. ఈ మూడు వర్గాలతో పాటు వాళ్ల భార్య లేదా భర్త. ఇల్లు లేనివాళ్లంటే ఫుట్‌పాత్ మీద ఉండేవాళ్లే కాదు. షెల్టర్లలో ఉండేవాళ్లు, 90 రోజులకు మించకుండా వేరేవాళ్ల ఇంట్లో తాత్కాలికంగా తలదాచుకున్నవాళ్లు కూడా ఈ లెక్కలోకే వస్తారు.

అసలు మెలిక ఇక్కడుంది. స్నాప్ లెక్కలో ఒకే కుటుంబంగా నమోదైన వాళ్లంతా ఈ వర్గాల్లోకి రావాలి. కొడుకు, కోడలు, మనవలతో కలిసి వండుకుని తినే బామ్మకు 75 ఏళ్లున్నా, వాళ్లందరిదీ ఒకే కేసు అయితే ఆ కార్డు హోటల్లో చెల్లదు.

పైగా ఇది రాష్ట్రాల ఇష్టం. అరిజోనా, కాలిఫోర్నియా, ఇల్లినాయిస్, మేరీల్యాండ్, మసాచుసెట్స్, మిచిగాన్, న్యూయార్క్, రోడ్ ఐలాండ్, వర్జీనియా ఇందులో చేరాయి. కాలిఫోర్నియాలో 2021 సెప్టెంబర్ నుంచి రాష్ట్రమంతటికీ విస్తరించారు. ఇల్లినాయిస్ లాంటి చోట్ల కొన్ని ప్రాంతాలకే పరిమితం. తెలుగువాళ్లు ఎక్కువగా ఉండే టెక్సస్, న్యూజెర్సీ ఈ జాబితాలో లేవు.

డబ్బు అదనంగా ఇస్తారా?

ఇవ్వరు. నెల సరుకుల కోసం వచ్చిన దాంట్లోంచే బిల్లు కట్టాలి. 2025 అక్టోబర్ నుంచి ఒంటరిగా ఉండే మనిషికి చాలా రాష్ట్రాల్లో నెలకు గరిష్ఠంగా వచ్చేది 298 డాలర్లు. రోజుకు పది డాలర్లు కూడా కాదు. బయట ఒక్కపూట తింటే ఆ రోజు డబ్బులు అయిపోయినట్టే. ప్రభుత్వ సొమ్ముతో హోటళ్లలో జల్సా అనేవాళ్లు ఈ లెక్క ఒకసారి వేసుకుంటే మంచిది. ఈ పథకంలో చేరిన హోటళ్లు తక్కువ ధరకు భోజనం పెట్టాలన్న షరతు ఉంది. అమ్మకం పన్ను వేయకూడదు. టిప్ మాత్రం ఈ కార్డు నుంచి ఇవ్వడానికి లేదు.

అమెరికాలో ఉన్న తెలుగువాళ్లకు వర్తిస్తుందా అంటే.. విజిటర్ వీసా మీద వెళ్లిన తల్లిదండ్రులకు, ఎఫ్-1 విద్యార్థులకు, హెచ్-1బీ ఉద్యోగులకు అసలు స్నాప్ సాయమే రాదు. గ్రీన్ కార్డు మీద ఉన్న పెద్దవాళ్లయితే సాధారణంగా 5 ఏళ్లు ఆగాలి. ఆ తర్వాత కూడా స్పాన్సర్ చేసిన పిల్లల ఆదాయాన్ని అధికారులు లెక్కలోకి తీసుకునే అవకాశం ఉంది.

అర్హత ఉన్నవాళ్లు హోటల్ భోజనం కోసం విడిగా దరఖాస్తు పెట్టే పని సాధారణంగా ఉండదు. కేసు వివరాలను బట్టి అధికారులే కార్డుకు ఆ వెసులుబాటు జోడిస్తారు. కార్డు ఆగిపోయిందంటే డబ్బుల్లేవని అనుకోనక్కర్లేదు. ఆ హోటల్ పథకంలో లేకపోవచ్చు, లేదా కార్డుకు వెసులుబాటు జోడించకపోయి ఉండొచ్చు. ఒకే కంపెనీ పేరున్న రెండు బర్గర్ షాపుల్లో ఒకటి పథకంలో ఉండి, పక్క వీధిలోది లేకపోవడం మామూలే. అందుకే ఆర్డర్ చెప్పకముందే అడగడం మేలు. వయసు 60 దాటినా, ఇల్లు పోయినా ఆ మార్పు కేసులో నమోదైందో లేదో స్థానిక కార్యాలయంలో కనుక్కోవాలి. ఇల్లు లేదన్న సంగతి చెప్పకపోతే వాళ్లకు తెలిసే దారి లేదు.