కృష్ణజింక కోసం గీసిన గీత

కాళేశ్వరం వచ్చినవాళ్లు సంగమంలో మునిగి, ఒకే పానవట్టం మీద కొలువైన యముణ్ని, ముక్తేశ్వరుణ్ని మొక్కుకుని బస్సెక్కేస్తారు. గోదావరి అవతలి ఒడ్డున ఉన్న అర్జునగుట్ట వైపు చూసేది తక్కువమంది. అటు దిగి ప్రాణహిత వెంట ఎగువకు పోతే కోటపల్లి, వేమనపల్లి మండలాల అడవి తగులుతుంది. 1980లో ఈ ప్రాంతంలోనే 136 చదరపు కిలోమీటర్ల మేర ప్రాణహిత వన్యప్రాణి అభయారణ్యం ఏర్పడింది.

ఈ నేల కథ మాత్రం 1980లో మొదలైంది కాదు. ప్రాణహిత, గోదావరి పారేది భూమి పగిలి కుంగిన పురాతన లోయలో. సింగరేణి బొగ్గు ఆ లోయ పొరల్లోదే. యామన్‌పల్లి దగ్గర తవ్వితే జురాసిక్ కాలపు రాకాసిబల్లి ఎముకలు దొరికాయి. 1988లో శాస్త్రవేత్తలు దానికి కోటాసారస్ యామన్‌పల్లియెన్సిస్ అని పేరు పెట్టారు. మన ఊరి పేరు మోస్తున్న ఆ అస్థిపంజరాన్ని హైదరాబాద్ బిర్లా సైన్స్ మ్యూజియంలో చూడవచ్చు. లోయ పొడవునా అలాంటి ఆనవాళ్లున్నా ఇటు వచ్చే యాత్రికుడికి చెప్పే బోర్డు ఒక్కటైనా ఉంటే బాగుండేది.

ఈ నేల మీద పెరిగే టేకు విలువ తెలిసిన నిజాం సర్కారు అడవిని రిజర్వు చేసింది. పోడు కొట్టొద్దంది, పశువులు మేపితే పన్ను కట్టమంది. గోండులు, కోలాములు తరతరాలుగా బతికిన చోటే వాళ్లు నేరస్థులయ్యారు. 1940లో జోడేఘాట్‌లో గోండు వీరుడు కుమ్రం భీం నేలకొరిగింది ఆ గొడవలోనే. అడవిని కాపాడటమంటే మనుషుల్ని వెళ్లగొట్టడమన్న అనుమానం ఆదిలాబాద్ పల్లెల్లో అప్పుడే వేళ్లూనింది.

1972లో వన్యప్రాణి సంరక్షణ చట్టం వచ్చాక అభయారణ్యాలు ఒకదాని వెంట ఒకటి వెలిశాయి. గోదావరికి ఇవతల ఏటూరునాగారం అంతకుముందే, హైదరాబాద్ రాష్ట్రం ఉన్న రోజుల్లోనే, 800 చదరపు కిలోమీటర్లకు పైగా విస్తీర్ణంతో ఏర్పడింది. దాంతో పోలిస్తే ప్రాణహిత చిన్నది. దాని ప్రత్యేకతల్లా కృష్ణజింక. మెలికలు తిరిగిన కొమ్ములున్న ఈ జింక దట్టమైన టేకు అడవిలో ఇమడదు. దానికి గడ్డి కావాలి, దూరం కనిపించే బయలు కావాలి, పరుగెత్తడానికి చోటు కావాలి. నది ఒడ్డు మైదానాలు దానికి సరిగ్గా సరిపోయాయి. చిక్కేమిటంటే ఆ మైదానమే పత్తికీ పశువులకూ కూడా బాగుంటుంది.

ప్రాణహిత వెంట అభయారణ్యాలు ప్రాజెక్టుల దారినీ మార్చాయి. వార్ధా, వైన్‌గంగ కలిసి ప్రాణహితయ్యే తుమ్మిడిహెట్టి దగ్గర మొదట బ్యారేజీ అనుకున్నారు. తర్వాత దాన్ని వదిలి మేడిగడ్డకు రావడానికి నీటి లభ్యత, మహారాష్ట్రలో ముంపుతో పాటు అక్కడి చాప్రాల్ అభయారణ్యాన్నీ ఒక కారణంగా చూపారు. అలా అక్కడి అభయారణ్యం పేరు కూడా చెప్పి కదిలించిన కట్టడం కాళేశ్వరానికి దిగువన లేచింది. 2019 జూన్ 21న ప్రారంభమైన మేడిగడ్డలో 2023 అక్టోబరులో పిల్లర్లు కుంగాయి. మధ్యలో 2022 జులై వరదలకు కోటపల్లి, వేమనపల్లి చేలు నీట మునిగితే, రైతులు మేడిగడ్డ వెనుక జలాలనే తప్పుపట్టారు.

జంతువులేమో అభయారణ్యాల హద్దు గీతల్ని పట్టించుకోవు. మహారాష్ట్రలోని తాడోబా పులులు ప్రాణహిత ఈది కాగజ్‌నగర్ అడవుల్లోకి వస్తున్నాయి. 2013లో పొడవు ముక్కు రాబందులు బయటపడిన పాలరాపు గుట్ట కూడా 1980 నాటి హద్దుకు వెలుపలే ఉంది. పులుల దారి కాపాడాలని తెలంగాణ ప్రభుత్వం 2025 మే నెలలో కుమ్రం భీం కన్జర్వేషన్ రిజర్వు ప్రకటిస్తూ జీవో 49 తెచ్చింది. ఆదివాసీలు భగ్గుమన్నారు. జులైలో ఆ జీవోను నిలిపివేశారు.

పులికి దారి కావాలనడంలో తప్పు లేదు, నిజానికి అది అవసరం. కానీ జోడేఘాట్ పోరు జరిగిన జిల్లాలో, కుమ్రం భీం పేరే పెట్టి, గ్రామసభల్ని ఒప్పించకుండా గీత గీయబోవడం మాత్రం తప్పే. మళ్లీ గీసేటప్పుడు ముందు గ్రామసభ తీర్మానం, ఆ తర్వాతే జీవో రావాలి.