కళా దర్శకుడు (సినిమా)

సినిమా కథ జరిగే చోటుకు, కాలానికి రూపమిచ్చే సాంకేతిక నిపుణుణ్ణి కళా దర్శకుడు అంటారు. పరిశ్రమలో ‘ఆర్ట్ డైరెక్టర్’ అన్న పేరే ఎక్కువ వాడుక. రాజుగారి కొలువు మొదలుకొని గోడమీది క్యాలెండరు దాకా, నటీనటులు, వారి దుస్తులు, అలంకరణ మినహా ఫ్రేములో కనిపించే దాదాపు ప్రతిదీ ఈ శాఖ బాధ్యతే. భారీ చిత్రాలలో మొత్తం దృశ్యరూపాన్ని ప్రొడక్షన్ డిజైనర్ నిర్ణయిస్తే, కళా దర్శకుడు దాన్ని అమలు చేస్తాడు. ‘గాన్ విత్ ద విండ్’ (1939) చిత్రానికి విలియం కామెరాన్ మెంజిస్ చేసిన పనితో ప్రొడక్షన్ డిజైనర్ హోదాకు గుర్తింపు వచ్చింది.

పని విధానం

స్క్రిప్టు చేతికి రాగానే సన్నివేశాలను చోట్ల వారీగా విడదీస్తారు. ఏది నిజమైన ప్రదేశంలో తీయాలో, దేనికి సెట్ వేయాలో దర్శకుడితోనూ ఛాయాగ్రాహకుడితోనూ కలిసి తేల్చుకుంటారు. తర్వాత స్కెచ్‌లు, కొలతలతో ప్లాను, అవసరమైతే చిన్న నమూనా తయారవుతాయి. వడ్రంగులు, మౌల్డింగ్ పనివారు, వెల్డర్లు, పెయింటర్లు ప్లైవుడ్, ప్లాస్టర్ ఆఫ్ పారిస్, థర్మోకోల్, ఫైబర్ వంటి వాటితో సెట్‌ను నిలబెడతారు.

సెట్‌ను కెమెరా చూపు మేరకే కడతారు. లైట్లు అమర్చడానికి చాలాసార్లు పైకప్పు వదిలేస్తారు. కెమెరా వెనక్కి జరగడానికి కొన్ని గోడలను ఊడదీసే వీలుంచుతారు. కట్టడం పూర్తయ్యాక అసలు పనితనం మొదలవుతుంది. వంటింటి గోడకు పొగచూరాలి, గడియ దగ్గర తలుపు రంగు అరగాలి, గడప నునుపు తేలాలి. అక్కడ మనుషులు ఏళ్ల తరబడి బతికారన్న నమ్మకం ప్రేక్షకుడికి కలిగేది వీటివల్లే.

తెలుగు సినిమాలో

మద్రాసు స్టూడియోల కాలంలో ఈ కళ ఉన్నత స్థాయికి చేరింది. ‘మల్లీశ్వరి’ (1951)లో విజయనగర కాలపు వాతావరణాన్ని ఎ.కె. శేఖర్ తీర్చిదిద్దారు. ‘పాతాళభైరవి’ (1951), ‘మాయాబజార్’ (1957) చిత్రాలకు మాధవపెద్ది గోఖలే, కళాధర్ పనిచేశారు. గోఖలే చిత్రకారుడు, కథకుడు కూడా. ‘మాయాబజార్’లో దూరం నుంచి కనిపించే ద్వారకానగరం చిన్న నమూనా ఇళ్లతో కూర్చినది. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్‌లీ వెలుగునీడలు తోడై అది మహానగరంగా భాసించింది. నలుపు తెలుపుల చిత్రాలలో ప్రతి రంగూ తెరమీద ఏ బూడిదఛాయగా మారుతుందో ముందే ఊహించగలగడం ఆనాటి కళా దర్శకులకు తప్పనిసరి నైపుణ్యం.

తర్వాతి తరం కళా దర్శకుల్లో ఒకరు తోట తరణి. ఆయన తండ్రి తోట వెంకటేశ్వరరావు కూడా కళా దర్శకుడే. దర్శకుడు మణిరత్నం ‘నాయకన్’ (1987) కోసం తరణి బొంబాయి ధారావి మురికివాడను మద్రాసులో సెట్‌గా వేశారు. ఆ చిత్రానికీ ‘ఇండియన్’ (1996)కూ ఆయన జాతీయ పురస్కారాలు అందుకున్నారు. 2001లో పద్మశ్రీ లభించింది. ‘ఒక్కడు’ (2003) కోసం అశోక్ హైదరాబాద్‌లో వేసిన చార్మినార్ సెట్ విశేష ఆదరణ పొందింది. ‘రంగస్థలం’ (2018)లో 1980ల నాటి గోదావరి పల్లెను రామకృష్ణ, మోనిక దంపతులు రూపొందించారు.

‘బాహుబలి’ (2015, 2017)కి సాబు సిరిల్ ప్రొడక్షన్ డిజైనర్. కథలోని మాహిష్మతి రాజ్యంలో కొంత భాగాన్ని రామోజీ ఫిల్మ్ సిటీలో సెట్‌గా కట్టారు, మిగతాది కంప్యూటర్ గ్రాఫిక్స్‌తో పూర్తిచేశారు. కట్టిన గోడ ఎక్కడ ముగిసి గ్రాఫిక్స్ ఎక్కడ మొదలవాలో షూటింగుకు ముందే నిర్ణయించడం ఇప్పుడు ఈ వృత్తిలో భాగమైంది.

శిక్షణ

చిత్రకళ, శిల్పకళ, వాస్తుశిల్పం చదివినవారు, నాటకరంగంలో పనిచేసినవారు ఈ వృత్తిలోకి వస్తుంటారు. పుణెలోని ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్‌లో దీనికి ప్రత్యేక కోర్సు ఉంది. అయినా చాలామంది సీనియర్ల వద్ద సహాయకులుగా చేరే పని నేర్చుకుంటారు.

పరిరక్షణ

మాహిష్మతి సెట్‌ను సందర్శకుల కోసం ఉంచారు కానీ, చాలా సెట్లను షూటింగ్ ముగియగానే విప్పేస్తారు. ఆ తర్వాత సినిమా కాక మిగిలే ఆధారాలు స్కెచ్‌లు, ప్లాన్లు, నమూనాలు, ఫొటోలే. తెలుగు సినిమా చరిత్రను సమగ్రంగా రాయాలంటే నిర్మాణ సంస్థలు, కళాకారుల కుటుంబాలు వీటిని భద్రపరచడం అవసరం.