బంజరులో పెంచిన చెట్టుకు ఖరీదెంత?

కోస్తాలో డి-ఫారం పట్టా, రాయలసీమలో డీకేటీ, తెలంగాణలో లావుణి పట్టా. ప్రాంతాన్ని బట్టి పేర్లు వేరైనా, పేదలకు దక్కింది చాలాచోట్ల రాళ్లూ రప్పలూ నిండిన బంజరే. దాన్ని బాగుచేసి, కుండలతో నీళ్లు మోసి, మామిడో చింతో జీడిమామిడో పెంచిన కుటుంబాలు ఎన్నో. ఆ చెట్లు కాపుకొచ్చాక కాలువకో రోడ్డుకో ఫ్యాక్టరీకో ఆ భూమి కావాలని ప్రభుత్వం నోటీసు పంపితే, చెట్టు ఖరీదు ఎవరికి చెందాలన్న తగాదా మొదలయ్యేది.

దాని మూలం పట్టా షరతుల్లోనే ఉంది. ఆంధ్ర ప్రాంతంలో 1954 నాటి జీవో 1142, తెలంగాణలో 1958 నాటి జీవో 1406 వచ్చినప్పటి నుంచి అసైన్డ్ భూమిని, అంటే ప్రభుత్వం పేదలకు పట్టాగా ఇచ్చిన భూమిని, వారసులు అనుభవించవచ్చు గానీ అమ్మకూడదన్న షరతు అమలైంది. 1977 చట్టం ఆ అమ్మకాలను చెల్లకుండా చేసింది. ప్రజావసరం వస్తే భూమిని వెనక్కి తీసుకునే అధికారాన్ని ప్రభుత్వం తన దగ్గరే ఉంచుకుంది.

సొంత పట్టా రైతు పరిస్థితి వేరు. 1894 భూసేకరణ చట్టం లెక్కలో నేలను అంటిపెట్టుకున్న చెట్టు కూడా భూమిలో భాగమే. అతనికి మార్కెట్ ధరతో పాటు సొలేషియం, అంటే భూమిని బలవంతంగా తీసుకున్నందుకు అదనంగా ఇచ్చే సొమ్ము, ముట్టేది. 1984 సవరణతో అది 30 శాతమైంది. గట్టు అవతలి అసైన్డ్ రైతుకు మాత్రం అధికారులు ఒకటే చెప్పేవారు: ఇది సేకరణ కాదు, మా భూమిని మేం తిరిగి తీసుకుంటున్నాం. 1993లో వచ్చిన జీవో 1307 మార్కెట్ ధరకు సమానంగా ఎక్స్‌గ్రేషియా ఇమ్మంది, సొలేషియం మాత్రం ఇవ్వలేదు. ఎక్స్‌గ్రేషియా అంటే దయతలచి ఇచ్చే సొమ్ము కాబట్టి, చాలకపోతే హక్కుగా నిలదీసే వీలూ రైతుకు లేకపోయింది.

హైకోర్టులోనూ ఈ ప్రశ్న ఒక పట్టాన తేలలేదు. ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం పట్టా షరతులకే విలువిచ్చింది. చివరకు 2004లో, చేవెళ్ల ఆర్డీవో అప్పీలులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ తీర్పును పక్కనపెట్టింది. ప్రజావసరానికి భూమి తీసుకుంటే అసైనీకి, అంటే అసైన్డ్ పట్టా పొందిన రైతుకు, కూడా యజమానితో సమానంగా పూర్తి పరిహారం, సొలేషియంతో సహా చెల్లించాలని, పట్టాలోని షరతు అందుకు అడ్డు కాదని తేల్చింది. బంజరు మీద ధారపోసిన చెమటకు చట్టంలో గౌరవం దక్కింది అప్పుడే.

హక్కు తేలాక లెక్క దగ్గర పేచీ మిగిలింది.

పండ్ల తోటకు దిగుబడిని బట్టి ధర కడితే నేలకు మళ్లీ విడిగా కట్టకూడదని, ఏడాది ఆదాయాన్ని 8 రెట్లకు మించి లెక్కించకూడదని అంతకుముందే 1995లో హర్యానా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అగర్తలా విమానాశ్రయం దగ్గర విమానాలకు అడ్డమని చెట్లు కొట్టేసినప్పుడు నేల రైతుల దగ్గరే ఉంది. అక్కడ హైకోర్టు 18 రెట్లు ఇస్తే, 2002లో సుప్రీంకోర్టు దాన్ని 8కి తగ్గించింది. కరెంటు తీగల కింద కొట్టేసిన చెట్లది మరో దారి. టెలిగ్రాఫ్ చట్టం ప్రకారం ఆ తగవు జిల్లా కోర్టుకు వెళుతుంది. ఆ కేసులన్నిటికీ ఒకే సూత్రం కుదరదని, తోట ఎక్కడుంది, తీగ ఎటు నుంచి పోతోంది అన్నవి చూడాలని 2007లో కేరళ విద్యుత్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

2013 భూసేకరణ చట్టం సొలేషియాన్ని 100 శాతానికి పెంచింది. చెట్ల విలువ కట్టేందుకు వ్యవసాయ, అటవీ, ఉద్యాన నిపుణుల సాయం తీసుకోవచ్చంది. పండ్ల చెట్లకు ఉద్యాన శాఖ, కలపకు అటవీ శాఖ ధర కడుతున్నాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2023 సవరణ, పట్టా పొంది 20 ఏళ్లు దాటిన అసలు అసైనీలకు అమ్ముకునే హక్కు కూడా ఇచ్చింది.

ఇన్ని మారినా, చెట్టు కూలాక దాని వయసునూ కాపునూ రుజువు చేయడం పేద రైతుకు కష్టమే. అందుకే యంత్రాలు దిగేలోపే రైతు ఎదుట చెట్లు లెక్కపెట్టి, రకం, వయసు, కాపు రాసి, ఆ పంచనామా నకలు అతని చేతికివ్వాలి. ఇది తహసీల్దారు ఒక్క పూటలో చేయించగల పని.